పాత జపాన్ ఫ్యాషన్ పత్రికల్లో ఆ గీతల కాగితం ఎటు పోయింది?

నేను సరిగ్గానే అర్థం చేసుకున్నానో లేదో, ముందు మీ ప్రశ్న ఒకసారి చెప్పుకుంటాను. మీరు హైదరాబాద్‌లో ఫ్యాషన్ డిజైన్ చదువుతున్నారు. మీ మేడమ్ గారి బీరువాలో రెండు పాత జపనీస్ పత్రికలు దొరికాయి. ఒకటి 1950ల నాటి సోఎన్. దాంట్లో ఫొటోల కన్నా బొమ్మలూ అంకెలూ ఎక్కువ, బోరుగా ఉందన్నారు. మధ్యలో మడతపెట్టిన పెద్ద కాగితం, దానిమీద పది ఊళ్ల దారులు ఒకచోట కలిపేసినట్టు అల్లుకుపోయిన గీతలు. రెండోది 1970ల నాటి అన్‌అన్. దాంట్లో ఒక్క గీత లేదు. నిండా ఫొటోలు, కింద చీమల బారులాంటి అక్షరాల్లో షాపుల పేర్లు, ధరలు. "ఇరవయ్యేళ్లలో ఏం జరిగింది? ఆ కాగితాన్ని ఎందుకు తీసేశారు?" అని అడిగారు.

చిన్న జవాబు: కత్తెర ఇంట్లోంచి ఫ్యాక్టరీకి వెళ్లిపోయింది. యుద్ధం అయ్యాక పాతికేళ్లపాటు జపాన్‌లో ఫ్యాషన్ పత్రిక అంటే బట్టలు కుట్టుకోవడం నేర్పే పుస్తకం. 1970 నుంచి అది బట్టలు ఎంచుకోవడం నేర్పే పుస్తకం అయింది. అభిరుచులు మారాయి, అమ్మాయిలు మోడ్రన్ అయ్యారు అని చాలామంది రాస్తారు. నిజమే కానీ అది తర్వాతి సంగతి. ముందు మారింది బట్ట ఎక్కడ తయారవుతోందన్నది.

ఇక పెద్ద జవాబు. నేను టోక్యోలో పద్దెనిమిదేళ్లుగా ఉంటున్నాను. పాత పుస్తకాల పేట జింబోచోలో వందకు పైగా షాపులున్నాయి, వాటిలో పత్రికలు మాత్రమే అమ్మే ఒకదాంట్లో నా ఉద్యోగం. ఇళ్లు ఖాళీ చేసేటప్పుడు వచ్చే కట్టలు విప్పడం, పేజీలు లెక్కపెట్టడం, అనుబంధాలు ఉన్నాయో లేదో చూడడం, చిరుగులు రాసుకోవడం, ధర వేయడం నా పని. డిగ్రీ ఉన్న పండితురాలిని కాను. కాకపోతే మా అమ్మ తెనాలిలో ముప్పై ఏళ్లు జాకెట్లు కుట్టింది, అందుకే మొదటిసారి ఆ గీతల కాగితం విప్పినప్పుడు మా షాపులో కుర్రాళ్ల కన్నా ముందు నాకే అర్థమైంది.

మన దగ్గర జాకెట్టు కుట్టించాలంటే ఏం చేస్తాం? ఆది జాకెట్టు పట్టుకెళ్తాం. టైలరు దాన్ని పరిచి, మడిచి, చాక్‌పీసుతో చుట్టూ గీసి, దోపుకి కాస్త వదిలి కత్తిరిస్తాడు. లెక్కలన్నీ ఆ పాత జాకెట్టులోనే ఉంటాయి.

1946 నాటి జపాన్ స్త్రీకి ఆది లేదు. కీలకం అంతా ఇక్కడే ఉంది. ఆమె తల్లి కట్టింది కిమోనో. కిమోనో గుడ్డ సుమారు 36 సెంటీమీటర్ల వెడల్పు, 12 మీటర్ల పొడుగు ఉండే చుట్ట. దాన్ని నిలువు, అడ్డ కోతలతో చీలికలుగా కోసి కుడతారు. ఉతకాలన్నా పాతబడ్డా కుట్లు విప్పితే మళ్లీ ఆ చీలికలే వస్తాయి, వాటిని ఉతికి, ఆరబెట్టి మళ్లీ కుట్టుకుంటారు. మన చీర లాగే దాదాపు గుడ్డంతా గుడ్డగానే మిగిలే బట్ట అది. కాబట్టి జపాన్ ఆడవాళ్లకి సూది రాదనుకోకండి, చేతికుట్టులో వాళ్లు ఆరితేరినవాళ్లు. వాళ్లకి రానిది వంపు. చంక గుండ్రం, చేతి ఎత్తు, రొమ్ము దగ్గర డాట్లు (ఒంటి వంపుకి తగ్గట్టు కుట్టే చిన్న మడతలు), మెడ లోతు. ఒంటికి పట్టేలా గుడ్డని వంచడం వాళ్ల ఇళ్లలో ఎవరికీ తెలియదు. అమ్మని అడిగితే అమ్మకీ తెలియదు. అమ్మకి తెలియనిది చెప్పడానికి పత్రిక వచ్చింది.

అప్పటి పరిస్థితి కూడా తెలియాలి. 1942 నుంచి బట్టలకి టికెట్ల పద్ధతి ఉండేది, డబ్బున్నా కొనలేరు. నగరాలు బాంబులకి కాలిపోయాయి. మిగిలిన కిమోనోలని మూట కట్టుకుని పల్లెలకి వెళ్లి, రైతులకిచ్చి బియ్యమో చిలగడదుంపలో తెచ్చుకునేవాళ్లు. ఆ బతుకుకి 'తాకెనోకో' బతుకు అని పేరు. తాకెనోకో అంటే వెదురు మొలక. పొర తర్వాత పొర వలుచుకుంటూ పోతాం కదా, అలా ఒంటిమీద బట్టలు ఒక్కొక్కటే వలిచి అమ్ముకుని తినడం. ఇంకా ఏదైనా మిగిలితే ఆ కిమోనోనే విప్పి గౌనుగా, కోటుగా మార్చుకోవాలి. కొత్త గుడ్డ లేదు, పాత గుడ్డ నిలువు చీలికలు, కావలసింది వంపులున్న బట్ట.

ఈ చిక్కుకి ఇద్దరు రెండు రకాల జవాబులిచ్చారు. ఆ తగవు నాకు చాలా ఇష్టం, కాస్త ఆగి చెబుతాను.

మొదటి జవాబు మీ చేతిలో ఉన్న సోఎన్‌ది. ఇది 1936లో మొదలైంది. బుంకా కుట్టు కాలేజీ వాళ్ల పత్రిక. యుద్ధంలో ఆగి 1946లో మళ్లీ వచ్చింది. వీళ్ల మాట: వంపు నేర్చుకోండి, లెక్క మేం చెబుతాం. మీ పత్రికలో అడుగడుగునా కనిపించే ఆ చౌకం బొమ్మ పేరు 'గెన్‌కెయ్', అంటే మూల నమూనా. మన మాటల్లో చెప్పాలంటే కాగితం మీద తయారు చేసుకున్న ఆది. దానికి రెండే కొలతలు కావాలి: ఛాతీ చుట్టుకొలత, మెడ వెనక ఎముక నుంచి నడుము దాకా పొడుగు. బుంకా పద్ధతిలో చాలాకాలం నడిచిన లెక్క ఇలా ఉంటుంది: ఛాతీలో సగానికి 5 సెంటీమీటర్లు కలిపితే చౌకం వెడల్పు. ఛాతీలో ఆరోవంతుకి 7 కలిపితే చంక లోతు. ఛాతీ 82 అనుకోండి. సగం 41, దానికి 5 కలిపితే 46. ఆరోవంతు 13.7, దానికి 7 కలిపితే 20.7. ఆ చౌకంలో మెడ, భుజం, చంక గీసుకుంటే మీ ఒంటి అచ్చు కాగితం మీదకి వచ్చేసినట్టే. తర్వాత ఏ డ్రెస్ కుట్టాలన్నా ఈ అచ్చు పెట్టుకుని, పత్రిక చెప్పినచోట రెండు సెంటీమీటర్లు పెంచడం, మూడు సెంటీమీటర్లు తగ్గించడం. అంతే.

ఒకసారి ఆలోచించండి. ఊరూ పేరూ తెలియని పల్లెలో కూర్చున్న అమ్మాయికి, ఆమెని ఎప్పుడూ చూడని మనిషి, పోస్టులో వచ్చిన కాగితం ద్వారా సరిపోయే బట్ట కుట్టించాలి. ఆ లెక్కలు అందుకే. వాటిని చూసి పత్రిక బోరుగా ఉందన్నారు మీరు. పాఠకులు డబ్బు పెట్టి కొన్నది ఆ లెక్కలనే.

రెండో జవాబు హనామోరి యాసుజిది (జపాన్ పేర్లలో ఇంటిపేరు ముందు). ఆయన, ఓహాషి షిజుకో కలిసి 1946లో టోక్యోలోని గింజాలో బట్టల పరిశోధన కేంద్రం అని పేరు పెట్టుకుని స్టైల్ బుక్ అనే పల్చటి పత్రిక తెచ్చారు. ఆయన వాదన తలకిందులు: వంపు ఎందుకు? మీ దగ్గరున్నది నిలువు చీలికల గుడ్డ, మీ చేతికి వచ్చింది నిలువు కుట్టు. దాంతోనే గౌను కుట్టుకోండి. 'చొకుసెన్ దాచి', అంటే నేరుగీత కత్తిరింపు. చంక గుండ్రంగా కోయక్కర్లేదు, డాట్లు అక్కర్లేదు, నడుము దగ్గర పట్టీ బిగిస్తే చాలు. ఒక్క ముక్క గుడ్డ వృథా పోదు. ఫొటోల్లో ఇప్పటికీ ముచ్చటగా ఉంటాయి ఆ గౌన్లు.

బుంకా వైపు వాళ్లకి ఇది కుట్టుపని రానివాళ్ల సర్దుబాటులా కనిపించి ఉంటుంది. నా మొగ్గు మాత్రం హనామోరి వైపే. ఆది జాకెట్టు ఉన్న ఊళ్లో పుట్టినదాన్ని కదా, ఇంట్లో ఉన్నదాని మీంచి మొదలుపెట్టడం నాకు సహజంగా తోస్తుంది. కానీ నిజం చెప్పుకోవాలి: దేశం సోఎన్ దారినే వెళ్లింది. కుట్టు స్కూళ్లు వీధికొకటి లేచాయి. పెళ్లికి ముందు రెండేళ్లు కుట్టు నేర్చుకోవడం ఆడపిల్లకి టీ పోయడం, పూలు అమర్చడం లాంటి అర్హత అయిపోయింది. ఇంటి మిషన్లు వాయిదాల మీద అమ్ముడయ్యాయి. మన టైలర్లందరికీ తెలిసిన జుకి మిషన్ ఉంది చూశారా, ఆ కంపెనీ 1938లో ఆయుధాల తయారీకి పుట్టింది. యుద్ధం పోయాక ఇంటి కుట్టు మిషన్లకి మళ్లింది. తెనాలిలో మా పక్క కొట్టువాళ్లు జుకి వచ్చిందని కొబ్బరికాయ కొట్టిన రోజు నాకు గుర్తుంది. దాని వెనక ఈ కథ ఉందని ఇక్కడికి వచ్చాకే తెలిసింది.

ఇప్పుడు మీ మడత కాగితం. అది గెన్‌కెయ్ లెక్క కూడా చేసుకోలేనివాళ్ల కోసం. అసలు సైజులో గీసిన ముక్కలు. కాగితం ఖరీదు కాబట్టి ఒకే షీటు మీద, రెండు వైపులా, నాలుగైదు బట్టల ముక్కలు ఒకదాని మీద ఒకటి అచ్చేస్తారు. ఒకటి నిండు గీత, ఒకటి చుక్కల గీత, ఒకటి గీత-చుక్క-గీత. మీకు కావలసిన గీత వెంటే వేలు పెట్టుకుని పోవాలి. కింద వేరే కాగితం వేసి, పళ్ళ చక్రం ఉండే చిన్న చేతి పనిముట్టుతో గీత మీద దొర్లిస్తే కింది కాగితం మీద చుక్కలు పడతాయి. ఆ చుక్కలు కలుపుకుని కత్తిరించాలి. షీటుని కత్తిరించకూడదు, రెండో వైపు ఇంకో బట్ట ఉంటుంది.

ఇంకో ముఖ్యమైన మాట: జపాన్ ప్యాటర్న్‌లలో సాధారణంగా దోపు కలిపి ఉండదు. గీత అంటే కుట్టు పడే చోటు. బయట సెంటీమీటరో సెంటీమీటరున్నరో మీరే వదులుకోవాలి. ఇది నేను పుస్తకంలో చదివి చెప్పడం లేదు. వచ్చిన కొత్తలో ఒక పాత బ్లౌజు తెగ నచ్చేసి, గీత మీదే కత్తిరించి, మంచి నూలు గుడ్డ పాడు చేసుకున్నాను. చేతులు మోచేతి దగ్గరే ఆగిపోయాయి. ఫోన్లో చెబితే మా అమ్మ, "కుట్టేవాళ్ల కూతురివై ఉండి దోపు వదలకుండా కోశావా" అని మూడు రోజులు నవ్వింది. మీరు ఆ కాగితంతో ప్రయోగం చేసేట్టయితే ముందు పాత దుప్పటి మీద చేయండి.

సరే, ఈ ప్రపంచం ఎలా చెదిరింది?

చాలామంది 1970 అంటారు. నేను ఒక మెట్టు వెనక్కి, 1954 దగ్గర ఆగుతాను. స్టైల్ బుక్‌కి పోటీలు పెరిగిపోయాక హనామోరి, ఓహాషి 1948లో 'కురాషి నో తెచో' మొదలుపెట్టారు. బతుకు నోటుపుస్తకం అనుకోండి. మొదట్లో అట్టమీద 'అందమైన' అన్న మాట కూడా ఉండేది. వంట, ఇల్లు, బట్ట, అన్నీ. బయటి ప్రకటన ఒక్కటీ వేసుకోలేదు, ఈ రోజుకీ వేసుకోరు. మొదటి సంచికలు అమ్ముడుపోక, సంపాదకులే వీపున సంచులేసుకుని రైళ్లెక్కి ఊరూరా పుస్తకాల షాపులకి మోసుకెళ్లారు. 1949లో చక్రవర్తి పెద్ద కూతురు హిగాషికుని షిగెకో చేత, కొరత రోజుల్లో ఇల్లు ఎలా గడుపుకొస్తున్నదీ రాయించారు. రాజుగారి కూతురికీ మనలాగే బియ్యం కరువేనా అని జనం చదివారు. పత్రిక నిలబడింది.

1954 చివర్లో ఈ పత్రిక పిల్లల సాక్సులని పరీక్ష చేసింది. స్కూలు ఆడపిల్లల చేత మూడు నెలలు తొడిగించి, ఉతికించి, ఏది ఎక్కడ చిరిగిందో, ఏది రంగు పోయిందో రాసింది. చిన్న విషయంలా కనిపిస్తుంది కానీ, సాక్సులు ఇంట్లో మిషన్ మీద కుట్టుకునేవి కావు, కొనుక్కునేవి. అంటే నేరుగీత గౌను నేర్పిన మనుషులే ఎనిమిదేళ్లకి, "ఇక కొనడం కూడా నేర్పాలి" అని గుర్తించారన్నమాట. తర్వాత అగ్గిపెట్టెలు, పెన్సిళ్లు, ఇస్త్రీపెట్టెలు. 1969లో రొట్టె కాల్చే టోస్టర్ల పరీక్షకి 43,088 ముక్కలు కాల్చారు. ఆ ముక్కల గుట్ట ఫొటో ఆ సంచికలోనే ఉంది, మా షాపులో దాన్ని చూడటానికే వచ్చేవాళ్లున్నారు. పిల్లల తోపుడుబళ్లని వంద కిలోమీటర్లు తోసి చూశారు. 1968లో కిరోసిన్ స్టవ్ అంటుకుంటే బకెట్ నీళ్లు పోస్తే ఆరిపోతుందని రాస్తే, అగ్నిమాపక శాఖ కాదు, దుప్పటి కప్పాలంది. అధికారులే బహిరంగంగా పరీక్ష పెట్టి చూస్తే నీళ్లు పనిచేశాయి.

హనామోరి గురించి మరొక్క మాట చెప్పకపోతే అబద్ధం చెప్పినట్టవుతుంది. ఈయన యుద్ధకాలంలో ప్రభుత్వ ప్రచార సంస్థలో పనిచేసినవాడు. పొదుపు చెయ్యండి, సహించండి అనే ప్రచారంలో ఆయన చేయి ఉంది. ఎవరి బతుకుని వాళ్లు అపురూపంగా చూసుకుని ఉంటే యుద్ధం వచ్చేది కాదన్న ఆలోచనతో పత్రిక పెట్టానని తర్వాత చెప్పుకున్నాడు. 1968లో ఒక సంచిక మొత్తం యుద్ధకాలంలో మామూలు మనుషుల బతుకు గురించి పాఠకులే రాసిన జ్ఞాపకాలకి ఇచ్చేశాడు. 1978లో చనిపోయేదాకా అట్టమీద బొమ్మలు తనే వేశాడు. ఆయన్ని దేవుణ్ణి చేసేవాళ్లూ ఉన్నారు, క్షమించనివాళ్లూ ఉన్నారు. ఆ కట్టలు మోసీ మోసీ నాకు రెండు పక్షాలూ అర్థమవుతున్నాయి.

1950ల చివర్లో జరిగినవి త్వరగా దాటేస్తాను. నైలాన్, ఆ తర్వాత పాలిస్టర్ వచ్చాయి. ఫ్యాక్టరీ బట్ట చవకైంది. ఆడవాళ్ల వారపత్రికలు పుట్టాయి: 1957లో షూకాన్ జోసెయ్, 1958లో జోసెయ్ జిషిన్. 1959 ఏప్రిల్లో యువరాజు పెళ్లి. వధువు షోదా మిచికో రాజకుటుంబాల అమ్మాయి కాదు, పిండి మిల్లుల వ్యాపారస్తుడి కూతురు. ఆమె హెయిర్ బ్యాండ్, ఆమె స్వెట్టర్ దేశమంతా కావాలన్నారు. అయితే అప్పటికి కూడా "ఎలా కుట్టుకోవాలి" అనే అడిగారు ఎక్కువమంది. 1961లో బుంకా వాళ్లు పెళ్లైన ఆడవాళ్ల కోసం మిసెస్ అనే పత్రిక తెస్తే అందులోనూ కుట్టుపని నిండుగా ఉంది.

ఇక 1970. ఆ మార్చిలో అన్‌అన్ వచ్చింది. హేబోన్ పంచ్ అనే కుర్రాళ్ల పత్రిక (1964) నడిపేవాళ్లే తెచ్చారు, ఫ్రాన్స్ పత్రిక ఎల్‌తో ఒప్పందం పెట్టుకున్నారు. పేజీల రూపం హొరియుచి సెయ్‌చిది. ప్యాటర్న్ కాగితం లేకుండా వచ్చిన మొదటి ఆడవాళ్ల ఫ్యాషన్ పత్రిక ఇదేనని ఇక్కడ వ్యాపారంలో అందరూ చెప్పుకునే మాట. మరుసటి ఏడాది పోటీగా నొన్‌నో. జపాన్ ఉత్తరాదిన ఉండే ఐను ప్రజల భాషలో నొన్‌నో అంటే పువ్వు.

మీరు చీమల బారు అన్న ఆ అక్షరాలు చూడండి, అవే కొత్త ప్యాటర్న్. పాత పత్రిక "చౌకం వెడల్పు 46, చంక లోతు 20.7" అని చెప్పింది. కొత్త పత్రిక "ఈ కోటు ఫలానా షాపు, ఇన్ని యెన్‌లు" అని చెప్పింది. రెండూ పాఠకురాలికి దారి చెప్పడమే. ఒకటి మిషన్ దగ్గరికి, ఒకటి రైలు స్టేషన్‌కి. ఏ కోటు మీద ఏ బూటు, ఏ సంచీ అని కూర్చే మనిషికి స్టైలిస్ట్ అనే ఉద్యోగం ఉంటుందని జనానికి తెలిసింది కూడా ఈ రోజుల్లోనే. కత్తిరించే చేయి పోయి, కూర్చే కన్ను వచ్చింది.

రైలు స్టేషన్ అన్నది మాటవరసకి కాదు. 1970 సెప్టెంబరులో ఒసాకా ఎక్స్‌పో అనే ప్రపంచ ప్రదర్శన అయిపోయింది. రైళ్లు ఖాళీగా పోతాయని భయపడ్డ జాతీయ రైల్వే వాళ్లు అక్టోబరులో 'డిస్కవర్ జపాన్' అని పెద్ద ప్రచారం పెట్టారు. అన్‌అన్, నొన్‌నోలు పాత ఊళ్ల మీద పేజీలకు పేజీలు వేశాయి: క్యోటో, కురాషికి, కనజావా, హగి, త్సువానో. ఆ పత్రికలు చంకలో పెట్టుకుని ఇద్దరు ముగ్గురు అమ్మాయిలు, మగతోడు లేకుండా, ఆ సందుల్లో దిగిపోయారు. వాళ్లకి 'అన్నోన్ తెగ' అని పేరు పడింది, రెండు పత్రికల పేర్లూ కలిపి. అప్పట్లో చాలామంది వెక్కిరించారు. నాకు మాత్రం కుట్టు స్కూలు బెంచీ మీద కూర్చున్న అమ్మాయికన్నా ఈ అమ్మాయి ఓడిపోయిందని అనిపించదు.

డబ్బు సంగతి కూడా ఉంది, మీ కోర్సులో పనికొస్తుంది. కుట్టు పత్రికలోనూ ప్రకటనలుండేవి, గుడ్డ మిల్లులవి, మిషన్ కంపెనీలవి. రెడీమేడ్ వచ్చాక ప్రకటన ఇచ్చే పార్టీ మారింది: బట్టల బ్రాండు, డిపార్ట్‌మెంట్ స్టోరు, సౌందర్య సాధనాలు. వాళ్లకి పాఠకురాలు నాలుగు రోజులు కూర్చుని కుట్టుకోవడం లాభం కాదు. ఇల్లాళ్ల పత్రికలు నాలుగు ఉండేవి: షుఫు నో తోమో, ఫుజిన్ కురాబు, షుఫు తో సెయ్‌కాత్సు, ఫుజిన్ సెయ్‌కాత్సు. జనవరి సంచికతో ఇంటి జమాఖర్చుల పుస్తకం ఉచితంగా ఇచ్చి కొట్టుకునేవి ఇవి. అన్నిట్లోకీ పాతది, 1917లో పుట్టిన షుఫు నో తోమో, 2008 దాకా బతికి చివరికి ఆగింది. మిగతా మూడూ అంతకు ముందే పోయాయి. ఇల్లాలు అనే ఒక్క మూసలో అందరూ ఇమడడం ఆగిపోయింది, పత్రికలు వయసుకొకటి, జీతానికొకటిగా చీలిపోయాయి. 1975లో జేజే వచ్చి, ప్రొఫెషనల్ మోడళ్లకి బదులు కాలేజీ అమ్మాయిలని పేజీల్లో నిలబెట్టింది. నా లెక్కలో ఆది జాకెట్టు మళ్లీ తిరిగొచ్చింది అక్కడే: ఆ పిల్ల నాలాంటిదే, ఆమె వేసుకున్నది నేనూ వేసుకుంటాను అనుకుంటుంది పాఠకురాలు.

(మగవాళ్ల పత్రికల గురించి ఎవరైనా కింద అడుగుతారు కాబట్టి: అక్కడ కథ వేరు. 1954లో మొదలై తర్వాత మెన్స్ క్లబ్ అయిన పత్రిక, 1976లో కాలిఫోర్నియా మీద సంచికతో వచ్చిన పొపాయ్, ఇవి మొదటినుంచీ కొనుక్కునేవాడి పత్రికలే. మగాడి చేతికి ఎవరూ పళ్ళ చక్రం ఇవ్వలేదు.)

జాగ్రత్తలు రెండు. ఒకటి, 1970లో తెల్లారేసరికి కుట్టు ఆగిపోలేదు. సోఎన్ ఇప్పటికీ వస్తోంది. కుట్టు కాలేజీలు ఇంటి పని నేర్పేచోటు నుంచి డిజైనర్లని తయారుచేసే చోటుగా మారాయి. బుంకా 1957లో మగపిల్లలని తీసుకోవడం మొదలుపెట్టింది, మరుసటి ఏడాది, తర్వాత పారిస్‌లో డిజైనర్‌గా పేరు తెచ్చుకున్న తకాదా కెంజో చేరాడు. 1956లో కొత్త డిజైనర్ల కోసం పెట్టిన సోఎన్ బహుమతి 1960లో అతనికి, 1969లో అలాగే పారిస్‌లో పేరు తెచ్చుకున్న యమమోతో యోజికి వచ్చింది. ఇంట్లోంచి పోయిన కత్తెర పారిస్‌కి కూడా వెళ్లింది. రెండు, పత్రికలో ఉన్నదల్లా జనం చేశారనుకోకండి. చాలామంది అది చూసి, మూసి, ఉన్న బట్టే కట్టుకున్నారు.

పరిశోధనకి: టోక్యో వస్తే ఓయా సోయిచి బుంకోకి వెళ్లండి, పత్రికల కోసమే ఉన్న లైబ్రరీ. కొద్దిగా ప్రవేశ రుసుం ఉంటుంది, మీరు కాగితం రాసిస్తే వాళ్లే లోపలినుంచి తెచ్చిస్తారు. బట్టల విషయానికైతే బుంకా వాళ్ల లైబ్రరీ. ఇంకోటి, జపాన్ పత్రికల అట్టమీద తేదీ ముందుకు జరిపి వేస్తారు. ఏప్రిల్ సంచిక మార్చిలోనో ఇంకా ముందో చేతికొస్తుంది. మీ థీసిస్‌లో నెలల లెక్క రాసేటప్పుడు జారిపోకండి.

మీ చేతిలో ఉన్న షీటుకి టేపు అంటించొద్దు, మడత దగ్గర చిరిగినా సరే. లామినేషన్ అసలు చేయించొద్దు. ఒక్క పని చేయండి. పగలు కిటికీ దగ్గర నిలబడి వెలుతురుకి ఎదురుగా పట్టుకోండి. ఎవరైనా వాడి ఉంటే పళ్ళ చక్రం దొర్లిన చోట సూదిమొన లాంటి చిల్లులు వరసగా కనిపిస్తాయి. ఏ బట్ట కుట్టారో వాటిని బట్టి చెప్పొచ్చు. నా చేతుల మీదుగా పోయిన షీట్లలో ఎక్కువగా చిల్లులు పడినవి అట్టమీద బొమ్మలో ఉన్న అందమైన డ్రెస్సులకి కాదు, మూలన వేసిన చిన్నపిల్లల కోట్లకి, ఆప్రాన్లకి. ఒక షీటు అంచున పెన్సిలుతో "78" అని రాసి, కొట్టేసి, పక్కన "81" అని ఉంది. ఎవరో ఏడాది తర్వాత మళ్లీ అదే నమూనా తీసినట్టున్నారు. 1970ల పత్రికల్లో చిల్లులు ఉండవు, కత్తెరతో కోసిన కిటికీలుంటాయి: షాపు దారి చూపే చిన్న మ్యాపు ఉన్నచోట.

మీ షీటులో చిల్లులు దేని చుట్టూ ఉన్నాయో చూసి కింద రాయండి. ఫొటో పెడితే గీతల్లో ఏది ఏ ముక్కో నేను గుర్తు పెట్టి పంపిస్తాను.